ఎడమచేతి చుట్టు

బుధవారం మధ్యాహ్నం తెలుగు గ్రంథాలయం మెట్లమీద నిలబడి గోదావరి తన కథను తిరిగి తీసుకుంది. మొత్తం పద్నాలుగు కాగితాలు. దుప్పట్ల కార్ఖానాలో పనికిరాకుండా పోయిన పాత డిజైన్ల గ్రాఫు కాగితాలవి. ఒకవైపు గళ్ళు నింపుతూ గీసిన నెమళ్ళు, ఏనుగులు. రెండోవైపు ఆమె గుండ్రని అక్షరాలు.

“కథ చదివిస్తది అమ్మా, కాదన,” అన్నాడు గ్రంథాలయ కార్యదర్శి నర్సయ్య, కళ్ళజోడును పంచె అంచుతో తుడుచుకుంటూ. “పన్ ఇది కథ గాదు. పోలీస్ చౌకీల రాసిచ్చిన కంప్లెంటు. చిన్న యారాలు దేవత, పెద్ద యారాలు దయ్యం. ఆ పెద్దామెకు గంత కోపం ఎందుకొచ్చిందో ఒక్క పేజీలన్న ఆమె పక్కన కూసోని చూసినవా?”

“ఆమె గట్లనే ఉంటది సార్.”

“ఉంటదా? అంటే యాడనో ఉన్నదన్నట్టు.” నర్సయ్య కళ్ళజోడు పెట్టుకొని ఆమె ముఖంలోకి చూశాడు. “ఎవరని నేను అడుగుత లేను. ఐతవారం వార్షికోత్సవం. నీ పేరు కార్డుల అచ్చేయించిన. ఆమెకు సుత ఒక కారణం ఇయ్యి. అప్పుడే మైకు ముందల నిలబెడ్త. లేకుంటే పిల్లల డాన్సు ఇంకోటి పెట్టుకుంట.”

గోదావరి కాగితాలను సంచిలో పెట్టుకొని భవానీపేటలోని తన ఇంటికి నడిచింది. దారి పొడవునా సాంచెల చప్పుడు, ఇంటింటా మరమగ్గాలే. ఆ చప్పుడులోనే పుట్టి పెరిగిన మనిషి గనుక అది ఆమెకు వినబడదు. ఆనాడు మాత్రం ప్రతి గోడ వెనుకనుంచీ వినబడింది.

యాభైనాలుగేళ్ళ ఆ మనిషిని గురించి తెలిసినవాళ్ళు మొదట చెప్పేది ఆమె చేతివాటం సంగతే. ఆ మరాఠీ ఊళ్ళో మునిసిపాలిటీ నడిపే తెలుగు బడిలో పంతులమ్మ చెక్కస్కేలుతో వేళ్ళమీద కొట్టి బలపాన్ని ఎడమచేతినుంచి కుడిచేతికి మార్పించింది. ఆ మార్పు రాతవరకే నిలిచింది. ఏడో తరగతితో బడి మాని తల్లి పక్కన చాట ఒళ్ళో పెట్టుకొని కూర్చున్ననాడు, తునికాకు చుట్టి దారం తిప్పింది ఎడమచేయే. అందరి బీడీలమీదా దారం ఒకవైపు తిరిగితే, ఆమె బీడీమీద రెండోవైపు తిరుగుతుంది. బీడీ కంపెనీ బ్రాంచిలో సరుకు చూసే చెకరు వంద కట్టల కుప్పలోనుంచి ఆమె కట్టను ఇట్టే ఏరి పక్కన పెట్టేవాడు. “గోదావరి కట్టమీద పేరెందుకు? దారమే దస్కతు,” అనేవాడు.

పెళ్ళయి వచ్చిన ఇంట్లో తెలుగు చదవగలిగినది ఆమె ఒక్కతే. శ్రావణంలో అత్త లింగవ్వ చాప పరిపించి పురాణం చదివించుకునేది. ఇరుగుపొరుగువాళ్ళు వచ్చి కూర్చునేవారు. పెద్ద యారాలు, అంటే తోడికోడలు అంబుబాయి, చదువు రాకపోయినా ఒక్క రోజూ తప్పక ముందు వరుసలో కూర్చొని, చేతులు బీడీలమీద ఉంచి చెవులు పురాణంమీద పెట్టేది. ఇద్దరూ పందొమ్మిదేళ్ళు ఒకే పొయ్యిమీద వండుకున్నారు.

పదకొండేళ్ళ క్రితం అది తెగిపోయింది.

అంబుబాయి కొడుకు ప్రతీక్‌కు హోట్గి రోడ్డు వైపునుంచి ఒక సంబంధం కుదిరింది. పిల్ల బి.ఏ. చదివింది, తెలుగు మరాఠీ రెండూ వచ్చు. నిశ్చితార్థానికి నాలుగు రోజులుందనగా పిల్ల తరఫువాళ్ళు వద్దన్నారు. పిల్లవాడు ఏ సాంచెమీదా ఆరునెలలు నిలవడని మీ ఇంటివాళ్ళే చెప్పారన్నారు. “అడిగిండ్రు, ఉన్నమాట చెప్పిన,” అంది గోదావరి. వాకిట్లో నలుగురూ చూస్తుండగా అంబుబాయి కొడుకును ముందుకు లాగి అతని తలమీద చేయి పెట్టింది. “ఇగ నీ గడప తొక్క. నీ చేతికి సాయం గాను. నా చేత నీకు ఏమియ్య, నీ చేతిది ఏదీ తీసుకోను. నా కొడుకు మీద ఒట్టు!”

వారం తిరగకముందే పెద్దవాళ్ళు రెండు గల్లీల అవతలికి వేరుపడ్డారు. లింగవ్వ మాత్రం చిన్నకొడుకు, గోదావరి భర్త మల్లప్ప దగ్గరే ఉండిపోయింది. ఆ శ్రావణంలో గోదావరికి చికెన్‌గున్యా వచ్చి వేళ్ళు ముడవరాకుండా వాచాయి. నెలన్నరపాటు సరుకు ఇవ్వకపోతే కంపెనీవాళ్ళు కార్డునుంచి పేరు కొట్టేస్తారు. అప్పుడు లింగవ్వ రోజూ పొద్దున ఆకూ తంబాకూ మూటగట్టుకొని, “పక్కగల్లిల నీడకు కూసోని నేనే చేస్త తియ్యి,” అని పోయి, సాయంత్రానికి చుట్టిన కట్టలు తెచ్చేది. కార్డు నిలిచింది. రెండు గల్లీల అవతలున్న అంబుబాయి మాత్రం ఒక్కనాడూ తొంగిచూడలేదు.

గోదావరి రాసిన కథ ఇదే. కళ్ళలో శుక్లాలు వచ్చిన ముసలి అత్త గుడ్డిగా తడుముతూ బీడీలు చుట్టే ఘట్టం రాసినప్పుడు ఆమె తానే ఏడ్చింది. అత్త పోయి ఆరేళ్ళయింది. బావ పోచయ్య, అంబుబాయి ఇద్దరూ కొడుకూ కోడలితో కలిసి కుంభారి కాలనీకి వెళ్ళిపోయారు. పెద్దవాళ్ళు వేరుపడిన ఏడాది దీపావళికే సాంచెనుంచి ఎగిరివచ్చిన నాడె తగిలి ఎడమకన్ను పోగొట్టుకున్న ప్రతీక్, నేతపని మాని మైకుసెట్టు పెట్టుకున్నాడు. ఆదివారం గ్రంథాలయంలో మైకు అతనిదే. ప్రార్థన పాడేది అతని కూతురు ఋతుజ. మనుమరాలి పాట వినడానికి అంబుబాయి రాకుండా ఉండదు. కథ చదివితే ఆమె వింటుంది.

ముందుగా ఆమె ఇంట్లోనే చదవాలా వద్దా అని గోదావరి గురువారమంతా తర్జనభర్జన పడి, శుక్రవారం పొద్దున కుంభారి బస్సెక్కింది.

కాలనీలో ఇళ్ళన్నీ ఒకే అచ్చులో పోసినట్టున్నాయి. నంబరు అడుగుతూ అడుగుతూ వెళ్ళేసరికి అంబుబాయి గడపలోనే చాట ఒళ్ళో పెట్టుకొని కూర్చొని ఉంది. తల నెరిసింది, చేతులు నెరవలేదు. ఆ వేళ్ళు ఒక్క క్షణం ఆగి మళ్ళీ నడిచాయి.

“తొవ్వ తప్పినవా?”

“లేదక్కా. నీ దగ్గరికే వచ్చిన.”

“ఎవరన్న సచ్చిండ్రా?”

“లేదు. కథ ఒకటి రాసిన. నీకు చదివి వినిపిద్దామని.”

అంబుబాయి లేచి లోపలినుంచి గ్లాసుతో నీళ్ళు తెచ్చింది. గోదావరి చేయి చాచింది. ఆ చేతిని చూడనట్టే అంబుబాయి గ్లాసును గచ్చుమీద పెట్టి, రెండడుగులు వెనక్కి జరిగి కూర్చుంది. గోదావరి చెవులు వేడెక్కాయి. ఎండలో ఇంతదూరం వచ్చిన మనిషికి ఇంకా ఇదా అనుకుంది. నీళ్ళు ముట్టకుండా కాగితాలు తీసింది.

“పెద్ద యారాలి పేరేం పెట్టినవ్?”

“రంగమ్మ.”

“థూ! మా పక్కింటోళ్ళ మేక పేరది. ఇంకేం దొరకలేదా? చదువు.”

గోదావరి చదివింది. పురాణం చదివిన గొంతే, కాని తడి ఆరిపోయిన గొంతు. అంబుబాయి కత్తెరతో ఆకు కోస్తూ, తంబాకు నింపుతూ, దారం తిప్పుతూ వింది. మూడో కాగితంలో “నల్లని ముఖం ఇంకా నల్లబడగా” అన్నచోట ఆపింది.

“నల్లగనా? నీకంటే రెండు పాళ్ళు తెలుపుంట నేను. ఎవరినన్న అడుగు.”

“కథక్కా అది.”

“మరి చిన్నదాన్ని సుత నల్లగ రాయి.”

గోదావరి నవ్వబోయి, ఆ ముఖం చూసి మానుకుంది. సంబంధం చెడిన ఘట్టం వచ్చింది. ‘పిల్ల తరఫువాళ్ళు వచ్చి అడిగారు. అబద్ధమాడడం చేతకాని చిన్న యారాలు ఉన్నమాట చెప్పింది,’ అని చదువుతుండగా కత్తెర ఆగింది.

“వాళ్ళొచ్చి అడిగిండ్రా?”

గోదావరి కాగితం తిప్పబోయింది.

“చదువుకున్నదానివి గదా. చెప్పు. వాళ్ళొచ్చిండ్రా, నువ్వు పోయినవా?”

“అక్కా...”

“నడువు. చదువు. ముంగట ఏమున్నదో చూద్దాం.”

గోదావరి చదవక తప్పలేదు. జ్వరం వచ్చింది. వేళ్ళు వాచాయి. ముసలి అత్త ఆకు మూటగట్టుకొని గుడ్డికళ్ళతో వీధిలోకి నడిచింది. చదువుతూ, ఎదుటి మనిషి ముఖం చూడలేక, ఆమె చేతులను చూసింది. అంబుబాయి కళ్ళు ఎటో ఉన్నాయి. వేళ్ళు తమ పని తాము చేసుకుపోతున్నాయి. ఆకు చుట్టింది. దారం అందుకుంది. దారం ఎడమకు తిరిగింది.

గోదావరి చదవడం ఆపింది.

అంబుబాయి కిందికి చూసుకుంది. చేతిలోని బీడీని చూసింది. చప్పున పిడికిలి మూసింది.

“అక్కా, గా చేయి తెరువు.”

“ఏం లేదు.”

“తెరువు. అది నా చుట్టు.”

అంబుబాయి పిడికిలి విప్పి ఆ బీడీని చాటలోకి విసిరింది. “మీ చెకరు ఉన్నడుగదా ముండకొడుకు. కుడి చుట్టు పంపితే, గోదావరి సరుకు గాదని ఆపేస్తుండె. రెండు దినాలు పట్టింది చేయి తిప్పుటానికి. వేళ్ళు బొబ్బలెక్కె.” గొంతు తగ్గించింది. “అత్తకు మోతిబిందు. దారం కొస కండ్లకు ఆనదు. గా ముసల్ది దినాం ఆరువందలు చుడుతదా? నువ్వు నమ్మినవా?”

నమ్మింది. అడగవలసింది అడగకుండా నమ్మింది. నమ్మడం సులువుగా ఉండింది.

“ఇన్నేండ్లు నాకెందుకు చెప్పలేదక్కా?”

“ఎట్ల చెప్పాలె?” అంబుబాయి లోపలి గదివైపు ఒకసారి చూసింది. కోడలు పనికి పోయింది; ఇంట్లో ఎవరూ లేరు. అయినా మాట గుసగుసగానే వచ్చింది. “సాయం గాను అని నా కొడుకు తల ముట్టి ఒట్టేస్తి. శ్రావణంల ఒట్టు తప్పితి. దివాళికి వాని కన్ను పోయె. ఇంకేం చెప్పాలె?”

“అది నాడె ఎగిరి తగిలిందక్కా. ఆ సాంచెకు అడ్డం ఇనుప జాలి లేకుండె. గల్లీ అంతకు తెలుసు. ఒట్టుకు...”

“కన్నబిడ్డ తలమీద చేయి పెట్టి చూడు, తర్వాత చెప్పు నాకు!” అంబుబాయి వేలు ఆమె ముఖం ముందుకు వచ్చింది. “విను. ఇది కాయితం మీదికి ఎక్కద్దు. మైకు కాడ కూసుండేది వాడు. నా తల్లి నా తల ముట్టి ఒట్టేసి తప్పింది, అందుకే నా కన్ను పోయింది అని వానికి తెలిస్తే నేను బతకను. నాది ఒక్క అక్షరం రాసినవంటే ఇగ ఈ జన్మల నీ మొకం చూడ.”

“రాయనక్కా.”

“రాయాలనుంటే నీది రాయి. హోట్గి రోడ్డుకు నువ్వే పోయిన సంగతి. గా పిల్ల తల్లి నాకు తొమ్మిదేండ్ల కింద సర్కారు దవాఖానల కలిసింది. అంత చెప్పింది. నేను ఎవరికన్న చెప్పినానా? పోచయ్యకు సుత చెప్పలే.” చాట దగ్గరికి లాక్కుంది. “గది రాయి. మైకుల చదువు. అప్పుడు ఒప్పుకుంట, నువ్వు కథలు రాస్తవని.”

గోదావరి లేచింది. గచ్చుమీది గ్లాసు అలాగే ఉంది. చేతికి ఇవ్వకుండా కింద ఎందుకు పెట్టిందో అప్పుడు అర్థమైంది. మిగిలిన ఒట్టునైనా అంబుబాయి కాచుకుంటోంది. గోదావరి వంగి, గ్లాసెత్తి, నీళ్ళు చివరి గుక్కదాకా తాగి, మళ్ళీ గచ్చుమీదనే పెట్టింది.

శనివారం పొద్దున మల్లప్ప షిఫ్టుకు తయారవుతుండగా ఆమె చెప్పింది. ఆదివారం మైకులో నలుగురి ముందు అతడు వినేకంటే ముందే చెప్పడం ధర్మమనిపించింది.

“ప్రతీక్ సంబంధం సంగతి. వాళ్ళు నన్నడగలే. నేనే పోయి చెప్పిన.”

మల్లప్ప చాయ్ కప్పు కింద పెట్టాడు. “ఎందుకు?”

ఎందుకన్నది ఆమె తనకు తానే ఎన్నడూ చెప్పుకోలేదు. పదకొండేళ్ళు కుడిచేత్తో ఎన్ని కాగితాలు నింపినా అది ఒక్కటి రాయలేదు. సంబంధం కుదిరిననాడు అంబుబాయి సంతోషంతో నవ్వుతూ అంది: “వచ్చే శ్రావణానికి మా కోడలు చదువుతది పురాణం. నీకు ఇగ రెస్టు గోదా!” అంతే. అందులో కుట్ర లేదు, ఎత్తిపొడుపు లేదు. ఆ ఇంట్లో గోదావరికున్న ఒకే ఒక్క పీట అది. ఆ పీట లాగేస్తున్నారనిపించింది. మరునాడు చెప్పులేసుకొని హోట్గి రోడ్డుకు బయలుదేరింది.

అదంతా విని మల్లప్ప లేచి నిలబడ్డాడు. “మా అన్న ఇల్లు విడిచిపోయిండు. ఒక పురాణం కోసమా?”

“ఔ.”

“పాతది చదువు. జనం ఏడుస్తరు. మన ఇజ్జత్ ఉంటది.”

“పాతది అబద్ధం.”

అన్నం డబ్బా తీసుకోకుండానే అతడు వెళ్ళిపోయాడు. గోదావరి చాట పక్కన పెట్టి, నాలుగు కొత్త కాగితాలు తీసుకొని కూర్చుంది. సంబంధం చెడిన ఘట్టం మొత్తం కొట్టేసి మళ్ళీ రాసింది. రంగమ్మ పేరు తీసేసి సుభద్ర అని పెట్టింది. జ్వరం దగ్గరికి వచ్చేసరికి కలం ఆగింది. రాయగలిగితే కథలోకెల్లా గొప్ప ఘట్టం అదే. రెండు గల్లీల అవతల, బొబ్బలెక్కిన వేళ్ళతో, శత్రువు చేతివాటం నేర్చుకుంటున్న ఒక స్త్రీ. ఒక్క పేజీ చాలు, హాలంతా కళ్ళొత్తుకుంటుంది. ఆ పేజీ మొదటి వాక్యం ఆమె మనసులో సిద్ధంగా ఉంది కూడా. దాన్ని అక్కడే ఉంచి, ‘ఆ శ్రావణంలో చిన్న యారాలికి జ్వరం వచ్చింది. కార్డు నిలిచింది,’ అని రెండు ముక్కలు రాసి ముందుకు సాగింది.

ఆదివారం సాయంత్రం నాలుగింటికి హాలు నిండింది. ఋతుజ రెండు జడలతో వచ్చి ప్రార్థన పాడి వెళ్ళి నాయనమ్మ ఒళ్ళో కూర్చుంది. అంబుబాయి మూడో వరుస చివర, గోడవారగా కూర్చుంది. వేదిక పక్కన మైకుపెట్టె ముందు ప్రతీక్, చూపున్న కన్ను మైకువైపు తిప్పి ఉంచాడు. పదకొండేళ్ళుగా అతడు ఈ పినతల్లిని ఏ వరుసతోనూ పిలవలేదు. మల్లప్ప ఆలస్యంగా వచ్చి తలుపు దగ్గర నిలబడ్డాడు.

గోదావరి చదవడం మొదలుపెట్టింది. భవానీపేట అంతా అక్కడే ఉంది. ఎవరి ఇంటి కథో రెండో కాగితానికే అందరికీ తెలిసిపోయింది. ఆడవాళ్ళ వరుసలో ఒకరిద్దరు మెడలు తిప్పి అంబుబాయి వైపు చూశారు. పెద్ద యారాలి దుర్మార్గం బయటపడుతుందని ఎదురుచూస్తున్న చూపులవి.

‘ఎవరూ రాలేదు. ఎవరూ అడగలేదు. చిన్న యారాలే చెప్పులేసుకొని బయలుదేరింది.’

మెడలన్నీ వేదికవైపు తిరిగాయి. గోదావరి గొంతు సన్నబడింది. కంటి కొసతో ప్రతీక్‌ను చూసింది. అతని చేయి పెట్టెమీద గొంతు పెంచే బిళ్ళమీద ఉంది. ఆ ఒక్క క్షణం అతడు దాన్ని ఆపేస్తే బాగుండునని ఆమె కోరుకుంది.

ప్రతీక్ ఆపలేదు. బిళ్ళ తిప్పాడు. ఆమె గొంతు ఎంత తగ్గితే అంత పెంచుతూ పోయాడు. పురాణం పీట సంగతి, పిల్ల తల్లి ముందు కూర్చొని చెప్పిన మాటలు, తిరిగివచ్చి ఏమీ ఎరగనట్టు అన్నం వడ్డించిన వైనం, అన్నీ హాలు నాలుగు గోడలకూ తగిలి తిరిగివచ్చాయి. తన మాట అంత గట్టిగా ఆమె ఎన్నడూ వినలేదు.

చప్పట్లు కొట్టాలో వద్దో జనానికి తెలియలేదు. కొందరు కొట్టారు. మల్లప్ప తలుపు దగ్గరే ఉన్నాడు, వెళ్ళిపోలేదు.

నర్సయ్య వేదిక మెట్ల దగ్గర కాగితాలు అందుకున్నాడు. “ఇప్పుడు అయింది కథ. పెద్దామె కోపం అందరికీ సమజైంది. పన్ ఆ జ్వరం కాడ ఒక ఖాళీ ఉన్నది అమ్మా. కార్డు ఎట్ల నిలిచింది? అక్కడ ఏదో రాయాల్సింది.”

“ఉండనియ్యి సార్.”

“చదివేటోడు అడుగుతడు.”

“అడగనియ్యి.”

ప్రతీక్ వైరు చుట్టుకుంటూ వచ్చాడు. ఆమె ముందు ఆగాడు. “ఆఖరు రెండు పేజీల మైకుకు దూరం జరిగినవ్, చిన్నమ్మా.”

“నీకు వినపడ్డదా?”

“వినపడ్డది,” అని వైరు భుజాన వేసుకొని వెళ్ళాడు. అది క్షమించిన గొంతు కాదు. వరుసపెట్టి పిలిచిన గొంతు మాత్రం నిజం.

హాలు ఖాళీ అవుతోంది. అంబుబాయి బల్లమీద అలాగే కూర్చుంది. గోదావరి కుండలోనుంచి గ్లాసు నీళ్ళు ముంచి తెచ్చి, ఆమెకు అందించకుండా, బల్లమీద ఇద్దరికీ నడుమ పెట్టి చేయి వెనక్కి తీసుకుంది.

అంబుబాయి ఆ గ్లాసును చూసింది. గోదావరి ఖాళీ చేతులను చూసింది. గ్లాసెత్తి తాగింది.

“సుభద్ర పేరు మంచిగున్నది,” అంది మూతి తుడుచుకుంటూ. “పన్ ఇంకా నల్లగనే ఉంచినవ్.”

“మరిచిపోయిన అక్కా.”

“మరిచిపోలే నువ్వు.” కుంభారి బస్సుకు వేళయిందని ఒళ్ళో నిద్రపోయిన ఋతుజను లేపుతూ, అంబుబాయి గ్లాసును మళ్ళీ బల్లమీదనే పెట్టింది. ఆమె చేయి పూర్తిగా తొలగేదాకా ఆగి, గోదావరి దాన్ని ఎడమచేత్తో అందుకుంది.